సగం తిరిగిన కన్ను

తెల్లవారుజామున నాలుగున్నర. విశాఖపట్నం ఫిషింగ్ హార్బర్ నిద్రలేచి అప్పటికే చాలాసేపయింది. వేట ముగించుకున్న మరబోట్లు ఒకదాన్నొకటి ఒరుసుకుంటూ జెట్టీకి చేరుతున్నాయి. ఐసు పగలగొడుతున్న చప్పుడు, వేలం కేకలు, తడి సిమెంటు మీద జారకుండా బుట్టలు మోసుకెళ్లే ఆడవాళ్ల 'తప్పుకో తప్పుకో'లు. బోటులోంచి ముందు దిగేది రొయ్య. తర్వాత వంజరం, చందువ. ఆ వెనక కానాగంతలు, సావిడాయిలు, గులివిందలు. అన్నీ దిగాక, ఎవరూ తొందరపడకుండా దించే సరుకు ఒకటుంటుంది. వేలెడంత చేపపిల్లలు, పీత కాళ్లు, విరిగిన గవ్వలు, పేరు తెలియని పురుగులు, అన్నీ కలిసిపోయిన ముద్ద. బోటువాళ్లు దాన్ని 'ట్రాష్' అంటారు. ఎండబెట్టి కోళ్ల దాణాకో, చేపల పొడి మిల్లుకో పంపేస్తారు.

ఆ ముద్ద ముందు గొంతుక్కూర్చుని ఓ అమ్మాయి ఏదో ఏరుతోంది. పక్కన తెల్లటి ప్లాస్టిక్ ట్రే, స్కేలు, నోటుబుక్కు. ఎమ్మెస్సీ జువాలజీ రెండో ఏడాది. ఆమె ఏరేది ఒక్క తీరు చేపనే. ఆకులా పలచగా ఉంటుంది. ఒక పక్క మట్టిరంగు, రెండో పక్క సున్నం కొట్టినంత తెలుపు. కళ్లు రెండూ ఒకే వైపు.

"ఒలే గుంటా, ఆ నాలక చేపల్నేటి సూస్తావే? కూరకా, అమ్మకానికా? నలుగురూ నవ్వుతారు, లెగు" అంది పక్క నుంచి మామ్మ.

మామ్మ ఆ జెట్టీ మీద ముప్పై ఏళ్లకు పైగా చేపలు అమ్మింది. కొడుక్కి ఇప్పుడు ఓ బోటులో వాటా ఉంది. మనవరాలు యూనివర్సిటీలో చదువుతోంది. చదివి చదివి చివరికి ఇంటి బోటు చెత్తలోనే చెయ్యి పెట్టిందేమిటన్నది ఆమె బాధ. మనవరాలు నవ్వి, ట్రేలోంచి అరచేతిలో పట్టేంత చేపనొకదాన్ని తీసి చూపించింది.

"మామ్మా, దీని కన్ను చూడు. ఇది పూర్తిగా ఇటు రాలేదు. నెత్తి మీదే ఆగిపోయింది."

మామ్మ కళ్లజోడు లేకుండానే చూసింది. "అదా! అది నోరు పెద్దది. దానికి రెండు మొగాలూ ఉంటాయి. కొన్ని ఎడమ, కొన్ని కుడి. ఈ సన్నంగా నాలకలాగుంటాయే, ఇవి ఎప్పుడూ ఒక్క మొగమే."

అమ్మాయి కాసేపు మాట్లాడలేదు. రెండు వారాలు లైబ్రరీలో కూర్చుని ఆమె తెలుసుకున్నది ఇదే.

గేదె నాలుక, కుక్క నాలుక

సముద్రపు అడుగున ఒక పక్కకు ఒరిగి బతికే ఈ చేపల్లో సుమారు 800 జాతులున్నాయి. నార్త్ సీ నుంచి ఆస్ట్రేలియా దాకా ఎక్కడ చూసినా ఏదో ఒక రకం కనిపిస్తుంది. వాటిని చూసిన ప్రతి జాతి మనుషులకీ మొదట గుర్తొచ్చింది నాలుకో, చెప్పో. ఇంగ్లిషులో 'సోల్' అన్న పేరు చెప్పు అనే అర్థమున్న లాటిన్ మాట నుంచి వచ్చింది. మామ్మ 'ఒక్క మొగం' అన్న సన్న చేపల ప్రజాతికి శాస్త్రంలో సైనోగ్లాసస్ అని పేరు. గ్రీకులో దానర్థం కుక్క నాలుక. మామ్మ 'నోరు పెద్దది' అన్నది వేరే కుటుంబం. దాని శాస్త్రీయనామం సెటోడిస్ ఎరుమై. ఇంగ్లిషులో ఇండియన్ హాలిబట్ అంటారు.

ఈ 'ఎరుమై' ఎక్కడిదో కాదు, మన పక్కింటిదే. తమిళంలో ఎరుమై అంటే గేదె. తమిళ జాలర్లు ఈ చేపను 'ఎరుమై నాక్కు' అంటారు, అంటే గేదె నాలుక. బెర్లిన్‌లో మార్కస్ బ్లాక్ అనే వైద్యుడుండేవాడు. చేపలంటే ప్రాణం. తమిళనాడు తీరంలోని తరంగంబాడి అప్పట్లో డేన్ల వర్తక స్థావరం. అక్కడి నుంచి ఆయనకు చేపల నమూనాలు వెళ్లేవి. బ్లాక్ 1799లో చనిపోతే, ఆయన రాతను ష్నైడర్ అనే పండితుడు పూర్తిచేసి 1801లో అచ్చువేశాడు. ఆ పుస్తకంలో మన జాలరి నోటి మాట శాస్త్రపు పేరై కూర్చుంది.

ఇలాంటి పనే విశాఖలోనూ జరిగింది. ప్యాట్రిక్ రసెల్ అనే స్కాట్లండ్ వైద్యుడు 1780లలో ఇక్కడున్నాడు. ఈస్టిండియా కంపెనీలో ఉంటూ మొక్కలు, పాములు, చేపలు ఒకటేమిటి, అన్నీ గీయించి రాసుకున్నాడు. మనం రక్తపింజర అనే పాముకు ఇంగ్లిషు పేరు ఆయనదే. విశాఖ తీరంలో సేకరించిన 200 చేపల బొమ్మలతో, వర్ణనలతో 1803లో లండన్‌లో రెండు సంపుటాల పుస్తకం వేశాడు. అందులో విశేషమేమిటంటే, చేపలకు ఇక్కడి జాలర్లు చెప్పిన తెలుగు పేర్లనే, తన చెవికి వినపడినట్లు ఇంగ్లిషు అక్షరాల్లో రాసుకున్నాడు. బల్లపరుపు చేపల పేర్లలో 'నాలక' అన్న మాట స్పష్టంగా కనిపిస్తుంది. రెండు వందల ఏళ్ల తర్వాత అదే ఊళ్లో మామ్మ నోట వచ్చిందీ అదే మాట.

నిటారుగా పుట్టి, ఒరిగి పెరిగి

ఈ చేపలు పుట్టుకతో ఇలా ఉండవు. అసలు వింతంతా అక్కడే ఉంది. ఎక్కువ జాతుల్లో గుడ్లు నీళ్లలో తేలుతూ ఉంటాయి. వాటిలోంచి వచ్చే పిల్ల మామూలు చేపపిల్ల లాగే ఉంటుంది. తలకు అటో కన్ను, ఇటో కన్ను. నిటారుగా ఈదుతుంది. పైనున్న నీళ్లలో తేలే సూక్ష్మజీవుల్ని తింటుంది. కొన్ని వారాలు గడిచాక ఒక మార్పు మొదలవుతుంది. ఒక కన్ను కదులుతుంది. రోజురోజుకీ కాస్త కాస్తగా పైకి జరిగి, నడినెత్తి దాటి, రెండో కన్ను పక్కకు చేరుతుంది. కన్ను ఒక్కటే కాదు, పుర్రె ఎముకలూ మెలి తిరుగుతాయి. నోరు వంకరవుతుంది. కళ్లున్న పక్కకు రంగు వస్తుంది, రెండో పక్క తెల్లగా ఉండిపోతుంది. తేలడానికి పనికొచ్చే గాలితిత్తి చాలా జాతుల్లో పెద్దయ్యేసరికి మాయమవుతుంది. అడుగున పడుకునేవాడికి దాంతో పనేముంది?

ఈ మార్పును నడిపించేది మన మెడలోనూ ఉండే థైరాయిడ్ గ్రంథి రసమే. కప్పపిల్ల తోక పోగొట్టుకుని కప్ప కావడానికి కారణమూ అదే. జపాన్‌లో తినడానికి పెంచే బల్లచేపల మీద ఈ ప్రయోగం చేసి చూశారు. థైరాయిడ్ పనిచేయకుండా మందు వేస్తే పిల్ల ఒరగదు. వయసు పెరిగినా పిల్లగానే, రెండు పక్కలా రెండు కళ్లతో ఈదుతూ ఉండిపోతుంది.

ఇంకో చిక్కుంది. కళ్లు తిరిగాయి సరే, లోపలి చెవి మాత్రం పాత చోటే ఉంటుంది. ఏది పైన, ఏది కింద అని చెప్పేది ఆ చెవి. చేప పక్కకు ఒరిగాక చెవి చెప్పే 'పైన'కీ, కళ్లు చూసే 'పైన'కీ తొంభై డిగ్రీల తేడా వస్తుంది. అదే మనకైతే తల తిరిగి పడిపోతాం. ఈ చేప మెదడులో చెవి నుంచి కంటి కండరాలకు వెళ్లే తీగలు ఆ తేడాకు తగ్గట్టు కొత్తగా అల్లుకుంటాయి. లోకం తలకిందులైనప్పుడు లోకాన్ని మార్చకుండా తననే సర్దుకునే జీవం ఇది.

నోరు వంకరవడం గురించి జర్మనీలో గ్రిమ్ సోదరులు సేకరించిన కథ ఒకటుంది. చేపలన్నీ రాజు కోసం ఈత పందెం పెట్టుకుంటే హెర్రింగ్ గెలిచిందట. బల్లచేప అసూయతో మూతి తిప్పిందట. శిక్షగా ఆ మూతి అలాగే ఉండిపోయిందట. కథ బాగుంది. ఆ మూతి ఎందుకు వంకరైందో శాస్త్రజ్ఞులు తేల్చుకోవడానికి మాత్రం మరి చాలా కాలం పట్టింది.

డార్విన్‌ను ఇరుకున పెట్టిన చేప

జీవులు కొంచెం కొంచెంగా మారుతూ వచ్చాయనీ, ప్రతి చిన్న మార్పూ ఏదో ఒక మేలు చేస్తేనే నిలుస్తుందనీ డార్విన్ చెప్పాడు. దానికి 1871లో సెయింట్ జార్జ్ మివార్ట్ అనే ఇంగ్లిషు జీవశాస్త్రజ్ఞుడు ఓ ప్రశ్న వేశాడు. బల్లచేప కన్ను పూర్తిగా ఇటు వస్తే లాభమే. సగం దారిలో ఆగితే? ఇసుకలోకి చూసే కన్ను ఓ పావు అంగుళం పైకి జరిగినంత మాత్రాన ఒరిగేదేముంది? అది ఇంకా ఇసుకలోకే చూస్తుంది కదా!

డార్విన్ ఈ ప్రశ్నను తేలిగ్గా తీసుకోలేదు. 1872లో వచ్చిన తన గ్రంథం ఆరో కూర్పులో జవాబు రాశాడు. స్వీడన్‌కు చెందిన మామ్ అనే శాస్త్రజ్ఞుడు చూసిన సంగతిని చెప్పాడు. ఒరిగి పడుకున్న చేపపిల్ల కింది కంటిని పైకి తిప్పి చూడాలని తంటాలు పడుతుందట. ఆ ప్రయాసే తరతరాలకూ అలవాటై, కన్ను జరిగి ఉంటుందన్నాడు. ప్రయాసతో వచ్చిన మార్పు పిల్లలకు అలాగే సంక్రమిస్తుందన్న మాట ఇవాళ ఎవరూ ఒప్పుకోరు. కాబట్టి ప్రశ్న ప్రశ్నగానే మిగిలింది. సగం తిరిగిన కన్ను ఎక్కడైనా ఉందా?

ఉంది. మ్యూజియం బీరువాల్లోనే ఉంది. ఇటలీలో మోంటే బోల్కా అనే చోట సుమారు 5 కోట్ల ఏళ్ల నాటి చేపల శిలాజాలు దొరుకుతాయి. వాటిలో ఆంఫిస్టియం అనే చేపకు 1835లోనే పేరు పెట్టారు. ఎవరూ దాని తలను నిదానించి చూడలేదు. షికాగో యూనివర్సిటీలో పరిశోధన విద్యార్థిగా ఉన్న మ్యాట్ ఫ్రీడ్‌మన్ దాన్ని, వియన్నా మ్యూజియంలో ఉన్న ఇంకో శిలాజాన్ని జాగ్రత్తగా పరిశీలించాడు. రెండిట్లోనూ ఒక కన్ను పైకి జరిగింది, కానీ నెత్తి దాటలేదు. పుర్రె మెలి తిరిగింది, కానీ పూర్తిగా కాదు. అవి పిల్లలు కావు, పెరిగిన చేపలే. 2008లో ఈ సంగతి అచ్చయ్యాక మివార్ట్ ప్రశ్నకు బదులు దొరికింది. సగం తిరిగిన కన్నుతోనూ చేప బతికింది, పిల్లల్ని కన్నది.

విశాఖ జెట్టీ మీద అమ్మాయి మామ్మకు చూపించిన చేప ఆ పాత కాలానికి దగ్గర చుట్టం. సెటోడిస్ కుటుంబంలో ఇప్పుడు మిగిలినవి మూడే జాతులు. రెండు పశ్చిమాఫ్రికా తీరంలో ఉన్నాయి. ఒకటి ఎర్రసముద్రం నుంచి మన తీరం మీదుగా జపాన్, ఆస్ట్రేలియాల దాకా ఉంది. మిగతా బల్లచేపల్లో పైరెక్క తల మీద నుంచే మొదలవుతుంది. దీనికి మాత్రం కళ్లకు బాగా వెనక నుంచి మొదలవుతుంది. తిరిగే కన్ను నెత్తి అంచున ఆగిపోతుంది. అందుకే ఇది ఒరిగి పడుకోగలదు, కావాలంటే మామూలు చేపలా నిటారుగానూ ఈదగలదు. ఎడమ మొగమా, కుడి మొగమా అన్నదీ ఇంకా తేల్చుకోలేదు. దాదాపు సగం ఇటు, సగం అటు పుడతాయి. మామ్మ చెప్పింది అక్షరాలా నిజం.

మన్నే ఇల్లు, మన్నే దుప్పటి

ఈ చేపకు కావలసింది ఇసుకో, బురదో ఉన్న అడుగు. తీరం నుంచి సుమారు 100 మీటర్ల లోతు దాకా ఉంటుంది. పగలు ఎక్కువగా పడుకుంటుంది, రాత్రిళ్లు వేటాడుతుంది. సన్న నాలుక చేపలు బురదలోని పురుగుల్ని, చిన్న చిన్న గుల్లజీవుల్ని ఏరుకు తింటే, ఇది పెద్ద నోటితో, వాడి పళ్లతో ఏకంగా చేపల్నే పట్టుకుంటుంది. 64 సెంటీమీటర్ల దాకా పెరుగుతుందని పుస్తకాలు చెబుతాయి.

బల్లచేపలు పడుకునే తీరు చూడాలి. అడుగుకు చేరగానే రెక్కల అంచుల్ని గబగబా ఆడిస్తాయి. రేగిన ఇసుక నెమ్మదిగా వీపు మీద పడుతుంది. కాసేపటికి రెండు కళ్లు తప్ప ఏమీ మిగలదు. ఇసుక చాలకపోతే రంగు ఉంది. చర్మంలోని రంగు కణాలు వ్యాకోచించి, సంకోచించి కింద నేల ఎలా ఉంటే అలా మచ్చలు తెచ్చుకుంటాయి. తమిళనాడులో పుట్టి అమెరికాలో స్థిరపడ్డ నాడీశాస్త్రవేత్త వి.ఎస్.రామచంద్రన్, సహచరులతో కలిసి ఉష్ణమండలపు బల్లచేపల మీద ప్రయోగం చేశారు. గళ్ల నేల మీద ఉంచితే కొన్ని సెకన్లలోనే చేప ఒంటి మీద మచ్చల తీరు మారిపోయింది. 1996లో ఆ ఫలితం అచ్చయింది. నేలను చూసేది కన్ను, రంగు మార్చేది చర్మం. మధ్యలో మెదడు ఆ లెక్కంతా చిటికెలో కడుతుంది.

ఎర్రసముద్రంలో ఇంకో రకముంది. మోజెస్ సముద్రాన్ని చీల్చినప్పుడు ఈ చేప కూడా రెండు చెక్కలైందని అక్కడివాళ్లు చెప్పుకొంటారు. దాని రెక్కల మొదట్లో పాలలాంటి విషం ఊరుతుంది. సొరచేప దాన్ని నోట పట్టబోయి, నోరు మూయలేక వదిలేసి పోతుందని యూజినీ క్లార్క్ అనే అమెరికన్ పరిశోధకురాలు 1970లలో చూసి రాసింది.

రంగు, ఇసుక, విషం... సముద్రంలో ఎవరి నుంచి దాక్కోవాలో వాళ్లందరి నుంచీ దాక్కోవడం ఈ చేపలకు తెలుసు. ఒక్క దాని నుంచే తెలియదు. అడుగును ఊడ్చుకుంటూ వచ్చే ట్రాల్ వల కన్నుకు కనిపించే శత్రువు కాదు. ఇసుకలో కదలకుండా ఉంటే ప్రాణం దక్కుతుందని కోట్ల ఏళ్లుగా నేర్చుకున్న చేప, వల వచ్చినప్పుడూ కదలకుండానే ఉంటుంది. బరువు గొలుసు తగిలాక లేస్తుంది. అప్పటికి వల నోట్లో ఉంటుంది.

వల కన్ను

అమ్మాయి చిక్కంతా ఇక్కడే వచ్చింది. ఆమె ప్రాజెక్టు చాలా చిన్నది. ట్రాష్‌లో బల్లచేపలు ఏ జాతివి, ఎంత పొడవువి, ఏ లోతు నుంచి వచ్చాయి, అంతే. హార్బర్‌లో ఏ బోటువాడూ బయటి మనిషిని తన సరుకు మీద చెయ్యి వేయనివ్వడు. కాబట్టి ఆమె నమూనాలన్నీ వాళ్ల నాన్న బోటువే. ఆడపిల్ల వేటకు పోదు కనక లోతు రాసిచ్చేది కూడా ఆయనే. 'పన్నెండు బారలు', 'ఇరవై బారలు' అని పాత డైరీలో పెన్సిలుతో రాసి తెచ్చేవాడు. కూతురు వాటిని మీటర్లలోకి మార్చుకునేది.

లెక్కలు పేరుకునే కొద్దీ ఆమెకు నిద్ర పట్టలేదు. ట్రేలోకి వచ్చేవి దాదాపు అన్నీ పిల్లలే. ఒక్కసారి కూడా గుడ్లు పెట్టనివి. కన్ను తిరిగి అడుగుకు చేరి ఎన్నాళ్లో కానివి. చాలా జాతుల బల్లచేప పిల్లలు పెరిగేది తీరానికి దగ్గర్లో, లోతు తక్కువ నీళ్లలోనే. డైరీలో తక్కువ బారలు ఉన్న రోజున ట్రే నిండేది. గైడు ఆ పట్టిక చూసి ఒక్క మాటే అన్నారు. "వల చివర సంచి కన్ను ఎంతో కూడా రాయమ్మా. లేకపోతే దీనికి అర్థం లేదు."

ఆ రాత్రి భోజనాల దగ్గర అడిగింది. "నాన్నా, మన సంచి కన్ను ఎంత?"

ఆయన అన్నం కలుపుతూ ఆగాడు. "ఎందుకమ్మా?"

"ప్రాజెక్టులో రాయాలి."

"అందరి బోట్లకీ ఎంతో మనకీ అంతే." మళ్లీ కాసేపాగి అన్నాడు. "రాస్తే ఏటవుద్ది? పిల్లల్ని చంపేత్తన్నాడని నా పేరు రాస్తావా?"

"పేరు రాయం నాన్నా. బోటు నంబరు కూడా రాయం."

"నాకు తెలీదనుకుంటన్నావా? నేను పెద్ద కన్ను వేస్తే నా రొయ్య పక్కోడి వల్లోకెళ్తాది. డీజిలు అప్పు పక్కోడు కడతాడా? నీ ఫీజు పక్కోడు కడతాడా?"

ఆ చివరి మాట అన్నందుకు ఆయనే ముందు తల దించుకున్నాడు. అమ్మాయి కూడా ఏమీ అనలేదు. ఆ చదువు ఆ వల నుంచే వచ్చింది. ఆ వల తప్పని ఇప్పుడు ఆ చదువే చెబుతోంది. ఇద్దరి మధ్యా పళ్లెంలో వేయించిన గులివింద ఉంది, అదీ జానెడు లేదు.

అటు గోడకు ఆనుకుని కూర్చున్న మామ్మ అంది. "నేను కొత్తగా బుట్ట పట్టిన రోజుల్లో నోరు పెద్దది చేటంత వచ్చేది. నాలుగు ముక్కలు కోసి నాలుగిళ్లకి ఇచ్చీదాన్ని. ఇప్పుడు అరచెయ్యంత వచ్చినా సంబరంగా సూస్తన్నారు. ఎవుల పేరూ రాయక్కర్నేదు. ఉన్నది రాయి."

వదిలినవి

ఉన్నది రాయడమే కాదు, ఏం చేయాలో కూడా ఆమె వెతికింది. కేరళలో మలబారు నాలుక చేపను 'మాంతళ్' అంటారు. వానాకాలం తగ్గగానే గుట్టలుగా పడుతుంది. అక్కడ ఫలానా పొడవు కంటే చిన్న చేప పట్టకూడదని 2015లో కొన్ని జాతులకు నిబంధన తెచ్చారు. మలబారు నాలుక చేపా ఆ జాబితాలో ఉంది. కొచ్చిలోని కేంద్ర మత్స్య సాంకేతిక సంస్థవాళ్లు ట్రాల్ సంచికి చదరపు కన్ను వేయమని చాలా కాలంగా చెబుతున్నారు. మామూలు వల కన్ను డైమండ్ ఆకారంలో ఉంటుంది. లాగుతుంటే బిగుసుకుని మూసుకుపోతుంది. చదరపు కన్ను లాగినా తెరుచుకునే ఉంటుంది. పిల్లచేపలు జారిపోతాయి.

ఇది చదివి ఆమెకు ప్రాణం లేచొచ్చింది. నాలుగు రోజుల తర్వాత మళ్లీ డీలా పడింది. చదరపు కన్ను మేలు చేసేది ఒళ్లు గుండ్రంగా ఉన్న చేపలకి. బల్లచేప ఒళ్లు పలక కదా, దానికి సన్నగా సాగిన డైమండ్ కన్నులోంచి దూరడమే సులువు. యూరప్‌లో సోల్ చేపల మీద చేసిన పరీక్షల్లో ఈ సంగతే తేలింది. ఎక్కువ చేపలను కాపాడే వల ఈ చేపను కాపాడదు. ఒకవైపు తిరిగినవాడికి అందరి కొలతలూ సరిపోవన్నమాట.

మరి దీనికి దారేమిటి? ఒకటి, వేట నిషేధం. తూర్పు తీరంలో ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా 61 రోజులు మరబోట్లు కదలవు. ఆ రెండు నెలలూ అడుగు ఊపిరి తీసుకుంటుంది. రెండు, తీరానికి దగ్గర్లో, పిల్లలు పెరిగే తక్కువ బారల్లో వల దించకపోవడం. మూడోది బల్లచేపకు దాని ఒళ్లే ఇచ్చిన వరం. లోతు నుంచి ఒక్కసారిగా పైకి లాగినప్పుడు చాలా చేపలకు గాలితిత్తి ఉబ్బి పగిలిపోతుంది. వాటిని వెనక్కి వేసినా బతకవు. పెరిగిన బల్లచేపల్లో చాలా వాటికి ఆ తిత్తే లేదు. వల ఎక్కువసేపు లాగకుండా, డెక్కు మీద ఎండకు పెట్టకుండా, వెంటనే నీళ్లలో వదిలితే బతికే వీలు మిగతా వాటికంటే ఎక్కువ. యూరప్‌లో ప్లేస్ అనే బల్లచేపను కొన్నిచోట్ల తిరిగి సముద్రంలో వదలడానికి అనుమతి ఉన్నది ఈ కారణంగానే.

అమ్మాయి ఇదంతా నాన్నకు చెప్పింది. ఉపన్యాసంలా కాదు. నిషేధం రోజుల్లో ఆయన ఇంటి ముందు వల బాగుచేసుకుంటుంటే పక్కన కూర్చుని, దారం అందిస్తూ చెప్పింది. ఆయన ఊ కొట్టలేదు, కాదనలేదు. "కళాసీలకి అంత తీరికుండద్దా? వల ఎక్కినాక రొయ్య ఏరతారా, దీన్ని ఏరతారా?" అని మాత్రం అన్నాడు. అదీ నిజమే.

జూన్ మధ్యలో నిషేధం ముగిసింది. బోట్లకు పసుపు కుంకుమ పెట్టి, కొబ్బరికాయ కొట్టి మళ్లీ సముద్రంలోకి పోయారు. కొన్నాళ్లకు నాన్న బోటు తిరిగొచ్చింది. అమ్మాయి ఎప్పటిలాగే ట్రే, స్కేలు పట్టుకుని జెట్టీకి పోయింది. ట్రాష్ ముద్ద ఉంది. అందులో బల్లచేపలు ఉన్నాయి, చచ్చినవి. మునుపటికన్నా తక్కువా అంటే ఒక్క రోజుతో చెప్పలేం. ఆమె చెప్పదు కూడా, లెక్క తెలిసిన పిల్ల.

నాన్న డైరీ ఇచ్చాడు. తారీఖు, బారలు, ఎన్ని గంటలు లాగారో, అన్నీ ఎప్పటిలాగే ఉన్నాయి. పక్కన కొత్తగా ఇంకో గీత గీసి ఉంది. పైన వంకర అక్షరాలతో 'వదిలినవి' అని రాసుంది. కింద జైల్లో రోజులు లెక్కపెట్టినట్లు నిలువు గీతలు, ఐదేసి కట్టలుగా. కొన్ని వరసల్లో గీతల్లేవు. వాటి పక్కన 'రొయ్య బాగా పడింది, తీరిక లేదు' అని రాశాడు. అది కూడా రాశాడు.

మామ్మ ఆ కాగితం వంక చూసింది. ఆమెకు చదువు రాదు గానీ గీతలు లెక్కపెట్టడం వచ్చు.

"బతుకుతాయేటే?" అనడిగింది.

"కొన్ని బతుకుతాయి మామ్మా."

"ఎన్ని?"

"సముద్రంలోకి పోయి చూసిరావాలి."

మామ్మ బుట్ట ఎత్తుకుంటూ అంది. "పోనీలే. కొన్నంటే కొన్నే. చేటంత అయ్యాక చెప్పు, నాలుగిళ్లకీ పంచుదాం."

అమ్మాయి ట్రే ముందు కూర్చుంది. అరచెయ్యంత చేప ఒకటి తెల్లటి ప్లాస్టిక్ మీద పడి ఉంది. నెత్తి అంచున ఆగిపోయిన కన్ను, దానికింద పెద్ద నోరు. ఆమె స్కేలు పెట్టి కొలిచింది. కుడి మొగం అని రాసుకుంది.